ఖాలా ఎన్నో లెవెల్

పోయిన నెల ఒక మధ్యాహ్నం మా బడి స్టాఫ్ రూములో పరీక్ష పేపర్లు దిద్దుతుండగా మహబూబ్‌నగర్ నుంచి ఫోన్ వచ్చింది. చేసింది ఖాలా కూతురు.

"అమ్మీ పోయింది టీచరమ్మా. జుమ్మా నాడు," అన్నది. ఆ వెంటనే, "ఆఖరికి దవాఖానల కూడ ఊకోలే. నర్సులకు లెవెల్లు ఇచ్చింది. నొప్పి లేకుంట సూదిచ్చే పిల్లకు తొమ్మిది, ఇంకో పిల్లకు రెండు. అమ్మీ పోయిన్నాడు గా రెండో లెవెల్ పిల్లనే ఎక్కువ ఏడ్చింది," అన్నది.

నేను ఒక చేత్తో కళ్లు తుడుచుకుంటూ నవ్వుతున్నాను. ఎదురుగా కూర్చున్న లెక్కల సారుకు నన్ను ఓదార్చాలో, నాతోపాటు నవ్వాలో తెలియలేదు. లేచి వెళ్లి నాకోసం గ్లాసుతో మంచినీళ్లు తెచ్చి, కంగారులో అవి తనే తాగేశాడు.

ఖాలా అంటే ఉర్దూలో అమ్మ చెల్లెలు. వాడంతా ఆమెను అలాగే పిలిచేది, ఆమెకంటే వయసులో పెద్దవాళ్లతో సహా. ఆమెకు ఒక పేరు ఉండేది కానీ రేషన్ షాపు అతను తప్ప ఎవరూ దాన్ని వాడలేదు. నేనూ వాడను.

మాది నల్గొండ జిల్లాలో తిరుమలగిరి దగ్గర ఊరు. తొంభైల మధ్యలో టీచరు ఉద్యోగం వచ్చి మహబూబ్‌నగర్‌లో పడ్డాను. పెళ్లి కాని ఒంటరి ఆడపిల్లకు గది కిరాయికి ఇవ్వడానికి చాలామంది వెనకాడారు. ఖాలా మాత్రం గుమ్మంలోనే నిలబెట్టి, మాంసం గురించి ఒకటి, వంట గురించి ఒకటి, రెండే ప్రశ్నలు అడిగింది.

"గోష్ తింటవా?"

"తింట."

"వండుడు వస్తదా?"

"జర జర వస్తది."

"అయితే జాగా నీదే. మొత్తం వచ్చినోళ్లతోని నాకు పడది," అని తాళంచెవి నా చేతిలో పెట్టింది.

పొట్టి మనిషి, కొంచెం లావు. దుపట్టా కొస ఎప్పుడూ తడిగా ఉండేది, చేతులు దానికే తుడుచుకునేది కాబట్టి. వస్తువులతో మాట్లాడే అలవాటు ఉండేది. కిరోసిన్ స్టవ్ వెలగకపోతే "నీకేం తక్కువ జేసిన చెప్పు" అని నిలదీసేది. ఆమె గడప దాటేది పెళ్లిళ్లకూ చావులకూ మాత్రమే. కూరగాయల దగ్గర్నుంచి సబ్బుబిళ్ల దాకా అన్నీ భర్త తెచ్చేవాడు. ఆయన బస్సు డ్రైవరు. కల్వకుర్తి మీదుగా శ్రీశైలం పోయే బస్సు నడిపేవాడు. ఒకరోజు బండి మీద, ఒకరోజు ఇంట్లో. పొడుగ్గా, సన్నగా, నెమ్మదిగా ఉండేవాడు. మేమంతా డ్రైవర్ సాబ్ అనేవాళ్లం. కూతురు అప్పటికే పెళ్లై అత్తగారింట్లో ఉండేది. మొగుడూ పెళ్లాం ఇంట్లో ఉర్దూలో మాట్లాడుకునేవారు. పోట్లాటలో నా సాక్ష్యం అవసరం పడినప్పుడు మాత్రం ఖాలా మధ్యలో తెలుగులోకి దిగేది. ఉర్దూ వినబడుతున్నంతసేపు నేను నిశ్చింతగా ఉండేదాన్ని.

ఆమె తమ్ముడు దుబాయిలో పనిచేసేవాడు. ఒకసారి సెలవు మీద వచ్చి, అక్కకు దుప్పటీ, బావకు టార్చిలైటూ, తన పిల్లలకు టీవీ గేమ్ డబ్బా తెచ్చాడు. షాద్‌నగర్‌లో ఉండే వాళ్లింట్లో టీవీ లేదు. మళ్లీ వచ్చేటప్పుడు టీవీ కూడా తెస్తానని చెప్పి, అప్పటిదాకా ఈ డబ్బాను జాగ్రత్త చేయమని అక్కకు అప్పజెప్పి వెళ్లిపోయాడు.

ఖాలా దాన్ని చాలా రోజులు జాగ్రత్త చేసింది. పైన గుడ్డ కప్పి రోజూ దుమ్ము దులిపేది. ఒక ఆదివారం నన్ను పిలిచి, "దీంట్ల ఎలుకలు గిట్ల జొచ్చినయేమో, జర పెట్టి సూద్దామా?" అని అడిగింది. ఎలుకలు దూరేంత సందు ఆ డబ్బాకు ఎక్కడా లేదు. నేనా మాట అనలేదు, నాకూ చూడాలని ఉంది.

దానితో వచ్చిన క్యాసెట్ ఒక్కటే. టీవీకి తగిలించి మీట నొక్కితే, తెర మీద వేలెడంత పిల్లవాడు చేతిలో కత్తితో ఒక ఊరి బయట నిలబడ్డాడు. ఎక్కడో కొండ మీద రెండు తలల రాక్షసుడున్నాడనీ, వాణ్ని చంపడానికి వీడు బయల్దేరాడనీ తెర మీది ఇంగ్లీషు చదివి చెప్పాను. ఖాలా బటన్లున్న పెట్టెను చేతిలోకి తీసుకొని పిల్లవాణ్ని నాలుగడుగులు నడిపించింది. గడ్డిలోంచి ఒక పచ్చ కప్ప గెంతుకుంటూ వచ్చి తగిలింది. మరొకటి తగిలింది. పిల్లవాడు పడిపోయి, మళ్లీ ఊళ్లో లేచాడు.

"కప్ప తాకితే సస్తడా?" అన్నది ఖాలా. "గిసొంటోన్ని కొండ మీదికి ఎవలు పంపిన్రు? వీనికి అమ్మ లేదా?"

మళ్లీ నడిపించింది. ఈసారి కత్తి బటన్ దొరికింది. మూడు దెబ్బలకు కప్ప చచ్చింది. తెర అడుగున సున్నా ఉన్న చోట ఒకటి వచ్చింది.

"గదేంది?"

"ఎక్స్‌పీరియన్స్ అని రాసున్నది ఖాలా. అనుభవం."

"తజుర్బా?"

"ఆఁ, తజుర్బా."

ఆమె కప్ప పడిన చోటు వైపు అనుమానంగా చూసింది. "కప్పను సంపితే తజుర్బా ఎట్ల వస్తది?"

ఆ రోజంతా మేము తేల్చుకోవడానికి ప్రయత్నించింది అదే. అవి పరీక్షల్లో వేసే మార్కుల్లాంటివని నేను మొదట అనుకున్నాను. అలా కాదని త్వరలోనే తెలిసింది. కొన్ని కప్పలు చచ్చాక డబ్బాలోంచి చిన్న సన్నాయి మోత వచ్చింది. ఒకటో లెవెల్ పోయి రెండో లెవెల్ పడింది. పిల్లవాడి ప్రాణం చూపించే ఎర్రగీత కాస్త పొడుగు సాగింది. తర్వాత ఎదురైన కప్ప రెండు దెబ్బలకే పోయింది.

"సూసినవా," అన్నది ఖాలా. "వీనికి చెయ్యి తిరిగింది."

ఇంకో సంగతి నాకు తట్టింది. మూడో లెవెల్‌కు రెండో దానికంటే ఎక్కువ తజుర్బా కావాలి, నాలుగుకు ఇంకా ఎక్కువ. పైకి పోయినకొద్దీ అది పెరుగుతూ పోతుందని చెప్తే ఖాలా ముఖం మాడ్చుకుంది.

"గిది అన్యాలం కద. పెద్దగైనకొద్ది ఎక్కువ అడుగుతడా?" అన్నది. కాసేపు కప్పల్ని కొట్టి, తనే సమాధానపడింది. "ఏమో, నిజమేనేమో. పసిపిల్ల బోర్ల వడ్తే వాడంత జెప్పుకుంటం. నేను పొద్దుగాల లేచి బిందెలు మోస్తే ఎవలన్న జెప్పుకుంటరా?"

మొదట్లో కప్పల్ని చంపడం ఆమెకు బాధగా ఉండేది. "మాఫ్ చెయ్యి" అంటూ కొట్టేది. నాలుగో లెవెల్ వచ్చేసరికి మాఫ్ అడగడం మానేసింది.

అక్కణ్నుంచి లెవెళ్లు తెర దాటి వాడలోకి వచ్చాయి. పాలవాడికి ఒకటి. "ఇన్నేండ్ల సంది నీళ్లు కలుపుతున్నడు, ఇప్పటికీ రోజు దొరుకుతడు. వానికి తజుర్బా వస్తలేదు," అని కారణం చెప్పింది. ఆమె ఆడబిడ్డకు పన్నెండు. "ఆమెతోని దూరంకెళ్లి కొట్లాడాలె. దగ్గరికి వోతే మన గీత అయిపోతది." ఎదురింటి కోడలు పెళ్లైన కొత్తలో రెండు. ఆ పిల్ల ఒకరోజు అత్తతో గట్టిగా మాట్లాడిందని తెలిసి మధ్యాహ్నానికల్లా ఐదు చేసింది. నాకు అన్నంలో మూడు, కూరలో రెండు, పిల్లలకు చదువు చెప్పడంలో ఏడు అన్నది. ఏడు ఎలా వచ్చిందని అడిగితే, మా బడి పిల్లలు సందులో నన్ను చూసి పారిపోవడం చూశానన్నది.

జనం మొదట నవ్వారు. తర్వాత వాళ్లే వచ్చి అడగడం మొదలుపెట్టారు. పాలవాడు కూడా ఒకరోజు చెంబు కింద పెట్టి, "ఖాలా, నాది ఇంక పెరగదా?" అన్నాడు. ఆమె పాలలో వేలు ముంచి చూసి, "పెరుగుతది. జర ఓపిక పట్టు," అని పంపింది.

ఆ డబ్బాకు ఒక జబ్బు ఉండేది. కరెంటు పోతే పిల్లవాడి తజుర్బా అంతా పోయేది. మళ్లీ ఒకటో లెవెల్, మళ్లీ ఆ ఊరి బయట, మళ్లీ కప్ప తగిలితే చావు. అప్పటిదాకా రాత్రిళ్లు టీవీ ఆపేవాళ్లమే కానీ డబ్బాను ఆపలేదు కాబట్టి, ఇది మాకు తెలిసింది ఎండాకాలం కరెంటు కోత మొదలైన రోజు. ఎనిమిదో లెవెల్ పిల్లవాడు ఒక్క క్షణంలో పోయాడు. ఖాలా చాలాసేపు నల్లని తెర వైపు చూస్తూ కూర్చుంది. ఆ పూట వంట నేను చేశాను. డ్రైవర్ సాబ్ నా కూర తిని, వంటలో నాకున్న రెండో లెవెల్ న్యాయమైనదేనని మర్యాదగా ఒప్పుకున్నాడు.

మర్నాడు ఆమె మళ్లీ మొదలుపెట్టింది. మొదటిసారి ఐదో లెవెల్‌కు వారాలు పట్టింది. ఈసారి ఒక్క పొద్దులో వచ్చింది. కప్ప ఎటు గెంతుతుందో ఆమెకు ముందే తెలుసు.

"పోరని తజుర్బా పోయింది గని నాది పోలే," అన్నది నాతో, తనకే కొత్తగా తెలిసినట్టు.

కరెంటు ఉన్నంతసేపు డబ్బాను ఆపకుండా ఉంచేది. మేము బళ్లోకీ వంటింట్లోకీ పోతే, పిల్లవాడు ఊరి మధ్య కత్తి పట్టుకొని అలాగే నిలబడి ఉండేవాడు. డ్రైవర్ సాబ్‌కు కరెంటు ఉత్తగా కాలడం ఇష్టం లేదు. ఒక సాయంత్రం డ్యూటీ నుంచి వచ్చి, ఎవరూ ఆడటంలేదు కదా అని ప్లగ్గు పీకేశాడు. పిల్లవాడు అప్పుడు పదో లెవెల్‌లో ఉన్నాడు.

ఖాలా ముందు ఉర్దూలో మాట్లాడింది. నేను గదిలో పుస్తకం తెరిచి ధైర్యంగా కూర్చున్నాను. తర్వాత తెలుగు వినబడింది.

"బిడ్డా, జర ఇటు రా. ఈయన ఇన్నేండ్ల సంది బండి తోల్తున్నడు. ఎవలన్న వచ్చి, రేపటి సంది నువ్వు క్లీనర్‌వి, మల్ల మొదటికెల్లి నేర్చుకో అంటే ఎట్లుంటదో అడుగు."

నేను అడగాల్సిన పని లేకపోయింది. డ్రైవర్ సాబ్ చేతిలో ప్లగ్గు పట్టుకొని అలాగే నిలబడిపోయాడు. ఆ మాట ఆయనకు బాగా తగిలిందని తెలుస్తూనే ఉంది. చెప్పులేసుకొని బయటికి పోయాడు. తిరిగి వచ్చేసరికి వెంట రేడియో రిపేరు చేసే అతను ఉన్నాడు, రిక్షాలో ఒక పాత బండి బ్యాటరీ ఉంది. రిపేరు అతను ఏవో తీగలు కలిపి, డబ్బాను బ్యాటరీకి బిగించాడు. కరెంటు పోతే టీవీ ఆరిపోతుంది కానీ డబ్బా వెలుగుతూనే ఉంటుందని చెప్పాడు.

"అంటే తెర ఆరినా లోపట పోరడు బతికే ఉంటడా?" అని ఖాలా మూడు రకాలుగా అడిగి రూఢి చేసుకుంది. తర్వాత మొగుడికి చాయ్ ఇచ్చింది. ఆ రోజు ఆయన లెవెల్ పెరిగిందని నాకు తెలుసు, ఎంతకు పెరిగిందో మాత్రం చెప్పలేదు.

ఇప్పుడిక అడ్డు లేదు. ఊరి బయట గడ్డిలో ఆమె కప్పల్ని కొడుతూనే ఉంది. నది మీద వంతెన దాటితే తేళ్లున్న మైదానం వస్తుంది. ఒకసారి దాటి, ఒక తేలు కుట్టగానే సగం ప్రాణం పోతే, వెనక్కి పరుగెత్తుకొచ్చింది. "ఇంక జర బలం కానియ్యి," అన్నది. రోజులు గడిచాయి. ఆ జర కాలేదు. పదమూడో లెవెల్ దగ్గర పిల్లవాడు ఆగిపోయాడు.

ఒక సాయంత్రం నేను పక్కన కూర్చొని మెంతికూర ఏరుతూ తెర చూస్తుంటే తేడా కనిపించింది. కప్ప చచ్చింది. అడుగున అంకె కదల్లేదు. ఇంకోటి చచ్చింది. కదల్లేదు.

"ఖాలా, కప్పలు ఇప్పుడు ఏం ఇస్తలేవు."

"డబ్బా చెడిపోయిందా?"

వంతెన దాటి ఒక్క తేలును కొట్టి చూద్దామన్నాను. ఆమె భయపడుతూనే దాటింది. ఎర్రగీత అడుగంటేదాకా పోరాడి ఒక తేలును చంపింది. అంకె ఒక్కసారిగా పెద్ద గంతు వేసింది. డబ్బా బాగానే ఉంది. అంత బలం వచ్చినవాడికి కప్పల దగ్గర నేర్చుకోవడానికి ఇంకేమీ లేదు, అంతే. అప్పటిదాకా మేము ఎంత కొడితే అంత వస్తుందనుకున్నాం. ఎవరిని కొడుతున్నామన్నది కూడా లెక్కేనని అప్పుడు తెలిసింది.

ఖాలా బటన్ల పెట్టె కింద పెట్టింది. ఆ రాత్రి అన్నాల దగ్గర మొగుణ్ని తెలుగులోనే అడిగింది, నేనక్కడే ఉన్నాను కాబట్టి.

"ఇన్నేండ్ల సంది వండుతున్న. నా లెవెల్ ఎంత?"

డ్రైవర్ సాబ్ ఘాట్ రోడ్డు మలుపులో హారన్ కొట్టినట్టు ముందు గొంతు సవరించుకున్నాడు. "నువ్వు ఇంక ఏ లెవెల్‌కు పోవాలె? మంచిగనే ఉన్నవ్ గద."

"విన్నవా బిడ్డా? మంచిగనే ఉన్ననట." గిన్నెలు తీసుకొని లేచింది. వాకిట్లో తోముతూ, నా వైపు చూడకుండా అన్నది. "గవే రొట్టెలు, గదే దాల్చా. కండ్లు మూసుకొని చేస్త. నేను గూడ కప్పల్నే కొడ్తున్న."

నేనేదో సర్దిచెప్పబోయాను. ఆమె వినలేదు.

తర్వాత కొద్దిరోజులకే కల్వకుర్తిలో ఆమె చిన్నాన్న కొడుకు బిడ్డ పెళ్లి వచ్చింది. నన్నూ రమ్మన్నారు. డ్రైవర్ సాబ్ సెలవు పెట్టాడు. మేము ముందురోజే వెళ్లాం. మధ్యాహ్నం నికా, ఆ వెంటనే భోజనాలు. వంటకు పట్నం నుంచి పేరున్న వంటమనిషిని మాట్లాడారు. పొద్దున లేచి చూస్తే వంటమనిషి లేడు. మాంసం ముక్కలు ఏ సైజులో కొట్టాలన్న దాని మీద పెళ్లికూతురు మేనమామకూ అతనికీ తెల్లవారుజామున మాటా మాటా పెరిగిందట. అతను తన గరిటెలు మూటగట్టుకొని మొదటి బస్సెక్కి వెళ్లిపోయాడు. మేనమామ ఇంకా తన మాటే సరైనదని అందరికీ చేతులతో ముక్కల సైజు చూపిస్తున్నాడు.

ఇంటి వెనక మట్టి పొయ్యిల పక్కన నాలుగు దేగులున్నాయి. దేగు అంటే ఇద్దరు మగవాళ్లు పట్టి ఎత్తాల్సినంత పెద్ద గిన్నె. ఆ ఇళ్లల్లో దేగు వంట మగవాళ్ల పని. పెళ్లికూతురు తండ్రి మెట్ల మీద తల పట్టుకొని కూర్చున్నాడు. మగపెళ్లివాళ్లు బయల్దేరారని కబురు వచ్చింది. హోటళ్ల నుంచి తెప్పిద్దామని ఒకరంటే, కల్వకుర్తిలో ఉన్న హోటళ్లన్నీ కలిపినా ఒక బస్సు జనానికి సరిపోదని ఇంకొకరన్నారు.

"నేను చేస్త," అన్నది ఖాలా.

అందరూ ఆమె వైపు తిరిగారు. పన్నెండో లెవెల్ ఆడబిడ్డ కూడా ఆ పెళ్లికి వచ్చింది. "దేగు మీద ఎన్నడన్న చెయ్యి వెట్టినవా?" అన్నది.

"లేదు."

"మరెట్ల చేస్తవ్?"

"పెట్టంగనే వస్తది," అన్నది ఖాలా. అంటూనే, తడి లేని చేతుల్ని దుపట్టా కొసకు రెండుసార్లు తుడుచుకుంది.

పెళ్లికూతురు తండ్రి తల ఎత్తి ఆమెను చూశాడు. ఇంకో దారి లేనివాడు చూసే చూపు అది. "నీ ఇష్టం ఆపా," అని అక్కకే వదిలేశాడు.

డ్రైవర్ సాబ్ పెళ్లికి వేసుకొచ్చిన తెల్ల చొక్కా విప్పి కొమ్మకు తగిలించి, బనీను మీద కట్టెలు కొట్టడం మొదలుపెట్టాడు. నేనూ, పెళ్లింటి ఆడవాళ్లంతా ఉల్లిగడ్డల ముందు కూర్చున్నాం. మొదటి దేగుకు ఆమె ఇంట్లో గిన్నెకు పెట్టినట్టే మంట పెట్టింది. ఇంట్లో మూత మీద చెవి పెట్టి వినేది. ఇక్కడ చెవి పెడితే చెవి కాలేలా ఉంది. అన్నం దమ్ మీద ఉండగానే అడుగు మాడిన వాసన వచ్చింది. ఆడబిడ్డ ముక్కు ఎగబీల్చి చుట్టూ చూసింది.

ఖాలా పొయ్యి ముందు కూలబడింది. ఏడుస్తుందనుకున్నాను. ఆమె దేగుతో మాట్లాడుతోంది. "గింత పెద్ద కడుపు వెట్టుకొని గింత తొందరెందుకు నీకు?" అని అడిగి, కాసేపు దాని వైపే చూసి, లేచింది.

"మంట ఎక్కువైంది. ఇది పెద్దది, దీనికి వేడి పట్టినంక పోదు. సగంలనే కట్టెలు గుంజేసి నిప్పులు మూత మీదెయ్యాలె," అన్నది. మొదటి దేగు పైభాగం తీసి పక్కన పెట్టించింది. "ఇది మనోళ్లకు. మనోళ్లు మాడు వాసన వస్తే మాట్లాడరు. మాట్లాడినోళ్లను నా తానికి పంపు."

రెండో దేగు కింద కట్టెలు సగంలో గుంజేసింది. డ్రైవర్ సాబ్ ఆమె వేలు ఎటు చూపిస్తే అటు నిప్పులు జరిపాడు. మూత తీసినప్పుడు ఆవిరిలో ఆమె ముఖం కనబడలేదు. గరిటె అడుగుదాకా దింపి, పైకి తీసి, మెతుకు నోట్లో వేసుకుంది. మూడో దేగు వైపు నడిచింది. అప్పుడు నాకు ఊపిరి ఆడింది.

మగపెళ్లివాళ్లు తిన్నారు. మనవాళ్లూ తిన్నారు. మాడు గురించి మాట్లాడింది మేనమామ ఒక్కడే. ఆయన్ని ఖాలా దగ్గరికి పంపాం. ఏం మాట్లాడుకున్నారో తెలియదు కానీ, తిరిగి వచ్చి ఇంకో పళ్లెం పెట్టించుకొని తిన్నాడు. నాలుగో దేగు అడుగు గీకే వేళకు మగపెళ్లివారిలోంచి ఒక ముసలాయన కర్ర ఊతంతో వెనక్కి వచ్చి, వంట చేసిన ఉస్తాద్ ఎవరని అడిగాడు. డ్రైవర్ సాబ్ మసి చేతులతో భార్యను చూపించాడు. ముసలాయన ఆమె వెనక ఇంకెవరైనా ఉన్నారేమోనని చూశాడు. ఎవరూ లేరు. వచ్చే నెల మనవడి వలీమా, అంటే మగపెళ్లివారి విందు, ఉందని, వచ్చి చేస్తావా అని అడిగాడు.

ఖాలా మొగుణ్ని చూసింది. డ్రైవర్ సాబ్ ఆకాశం వైపు చూశాడు. అది ఆయన పద్ధతిలో సరేననడం.

"చేస్త," అన్నది. "గని ముక్కలు నేను చెప్పినట్టే కొట్టాలె."

ఆ ఏడాది ఆమె గడప దాటడం మామూలైపోయింది. జడ్చర్ల, నవాబ్‌పేట, వనపర్తి. ఎక్కడ వలీమా ఉంటే అక్కడ. గరిటె ఆమె కంటే పొడుగుండేది. బస్సులో దాన్ని నిలబెట్టడానికి జాగా దొరక్క కండక్టర్లతో పోట్లాడేది. నడుమ నడుమ ఇంట్లో ఉన్నప్పుడు కూర్చొని, పిల్లవాణ్ని తేళ్ల మైదానం దాటించింది, గుహలు దాటించింది. చివరికి కొండ మీద రాక్షసుడి తలుపు దాకా తీసుకొచ్చి నిలబెట్టింది. ఇంతలో తమ్ముడు సెలవు మీద వస్తున్నాడని కబురు. ఈసారి టీవీ తెస్తున్నాడు, వచ్చి డబ్బా తీసుకుపోతాడు. వచ్చేది సోమవారం.

ఆదివారం ఖాలాకు జడ్చర్లలో వలీమా ఉంది.

"రాక్షసున్ని సూడకుంటనే ఇచ్చేస్తవా?" అన్నాను.

"వాన్ని నువ్వు కొట్టు. మాట ఇచ్చిన, జనం తిండి కోసం సూస్తుంటరు," అని గరిటె తీసుకొని వెళ్లిపోయింది.

ఆ రోజంతా నేను డబ్బా ముందే కూర్చున్నాను. తలుపు తీసి లోపలికి పోయినప్పుడల్లా చచ్చాను. చచ్చినా తజుర్బా పోదు, ఊళ్లో లేచి మళ్లీ నడిచి రావచ్చు. పిల్లవాడి బలం ఖాలా కూడబెట్టిందే, చేతులు మాత్రం నావి. సాయంత్రానికి ఆమె వచ్చింది. ఒంటి నిండా కట్టెల పొగ, యాలకుల వాసన. డ్రైవర్ సాబ్ కూడా అప్పుడే డ్యూటీ దిగి వచ్చాడు.

"ఎట్లున్నడు?"

"రెండు తలలు. ఒకటి నిప్పు ఊంచుతది. నాతోని కాలే ఖాలా."

ఆమె గరిటె గోడకు ఆనించింది. "జరుగు," అన్నది.

రెండుసార్లు చచ్చింది. కొట్టకుండా, చూస్తూ చచ్చింది. మూడోసారి, "నిప్పు ఊంచే ముందుగాల మెడ ఎత్తుతున్నడు సూడు, గప్పుడే కిందికెల్లి పోవాలె," అంటూ కదిలింది. డ్రైవర్ సాబ్ మంచం అంచున కూర్చొని, "ఎడమకు, ఎడమకు, ఇగ కొయ్యి" అని దారి చెప్పసాగాడు. ఎర్రగీత సన్నని దారమంత మిగిలినప్పుడు రాక్షసుడి రెండో తల వాలిపోయింది. తెర తెల్లబడింది. సంగీతం వచ్చింది. ఇంగ్లీషు అక్షరాలు కిందినుంచి పైకి పోవడం మొదలైంది.

ఖాలా తెర అడుగున అంకె కోసం వెతికింది.

"వీన్ని కొడ్తే ఎంతొచ్చింది?"

"ఏం రాలే ఖాలా. ఆఖరోడు ఏం ఇయ్యడు."

"గంత పెద్దోన్ని కొట్టినా?"

"ఆట అయిపోయింది కద. ఇంక తజుర్బా ఏం చేసుకుంటడు?"

ఆమె బటన్ల పెట్టె ఒళ్లో పెట్టుకొని, పైకి పోతున్న అక్షరాల వైపు కాసేపు చూసింది. కోపం వస్తుందేమోననుకున్నాను.

"మంచిదే," అన్నది. "ఇగ పోరన్ని జర అల్సట తీర్చుకోనియ్యి."

మోకాళ్ల మీద చేతులూని లేచింది. పొద్దున తమ్ముడొస్తాడు, బియ్యం ఏరాలని చెప్పి వంటింట్లోకి వెళ్లిపోయింది.